జపాను చిత్రానువాదకర్త్రి మిజుకి యోకో: జీవితము, కృతులు

1. ప్రస్తావన

సాహిత్యచరిత్రకారులు ముద్రిత గ్రంథమును ప్రమాణముగా గైకొందురు. చలనచిత్ర చరిత్రకారులు దర్శకుని పేరును ప్రమాణముగా గైకొందురు. ఈ రెండు చరిత్రల నడుమ నిలిచి రెంటను చోటు దక్కని రచయితల వర్గ మొకటి కలదు. వారే చిత్రానువాదకర్తలు. పాత్రలు పలుకు మాటలు, సన్నివేశముల పొందిక, కథ యెచ్చట మొదలు పెట్టవలెను, ఎచ్చట ఆపవలెను అను నిర్ణయము మొదట వీరి చేతిలోనివి. అయినను చిత్రము తెఱపై వెలుగుటతోడనే వీరి వ్రాతప్రతి పని తీఱిన సామగ్రిగా భావింపబడుచున్నది. ఆ రచయిత స్త్రీ యైనచో మఱుగు మఱింత దట్టమగును.

జపాను దేశపు మిజుకి యోకో (1910–2003) ఇట్లు మఱుగుపడిన వారిలో ముఖ్యురాలు. స్వదేశమున పేరు లేనిది కాదు; కాని ఆమె వ్రాసిన చిత్రములను మెచ్చుకొను ఇతర దేశముల ప్రేక్షకులలో ఆమె పేరు విన్నవారు బహు స్వల్పము. ఆ చిత్రములు ఇమాయి తడాషివి, నరుసె మికియోవి, ఇచికవ కోన్‌వి, కొబయాషి మసాకివి అని దర్శకుల పేరనే చెల్లుచున్నవి. వేర్వేఱు దర్శకులకు చెందినవిగా ఎన్నబడు ఆ కృతులలో ఒకే రచయిత్రి దృష్టి నిలిచియున్నదని చూపుటయే మా యుద్దేశము. అందుకై ముందు ఆమె జీవితమును సంగ్రహముగా చెప్పి, పిదప ముఖ్య కృతులను పరిశీలింతుము.

తెలుగు వాఙ్మయమును చదువువారికి ఈ విచారణ దూరపుది కాదు. ఒకరి కథను మఱియొకరు వేఱొక రూపమున చెప్పినప్పుడు కర్తృత్వ మెవరిది యను ప్రశ్న నన్నయ నాటినుండి మనకు పరిచితమే.

2. బాల్యము, విద్య, నాటకరంగము

మిజుకి యోకో 1910 ఆగస్టు 25వ తేదీన టోక్యో నగరమున జన్మించెను. మొదట జపాను మహిళా విద్యాలయమున చేరి, పిదప బుంకా గకుయిన్ అను సంస్థకు మాఱి చదివెను. ప్రభుత్వ పాఠ్యప్రణాళికకు లోబడక, సాహిత్యమునకు, కళలకు ప్రాధాన్యమిచ్చుటకై 1921లో స్థాపింపబడిన విద్యాలయ మది. ఇట్టిచోట చదివిన యువతి నాటకరంగమువైపు మొగ్గుట సహజమే. ఆ దినములలో టోక్యోలో వామపక్ష నాటక సంఘములు ప్రబలముగా నుండెను. కార్మికుల జీవితము, కఱవు, జీతములు, సమ్మెలు వాని యితివృత్తములు. మిజుకి అట్టి సంఘమున చేరి పనిచేసెను.

1930 తరువాత ప్రభుత్వము వామపక్ష సంస్థలను అణచివేయ మొదలిడెను. నాటక సంఘము లొక్కొక్కటియే మూతపడెను. మిజుకి నాటికలు, రేడియో రూపకములు వ్రాయుచు కలమునే జీవనాధారము చేసికొనెను. ఈ రేడియో రచన ఆమెకు తరువాత మిక్కిలి యుపకరించినది. దృశ్యము కానరాని చోట మాటల చేతనే ఇల్లు, వీథి, వాన, వచ్చుచున్న మనిషి అడుగులు శ్రోతకు తెలియవలెను. అట్లని మాటలు పెరిగినచో రూపకము చప్పబడును. తక్కువ మాటలతో ఎక్కువ తెలుపు విద్య ఆమెకు అక్కడనే పట్టుపడినదని మేము తలంతుము.

1938లో తనిగుచి సెన్‌కిచితో ఆమెకు వివాహ మయ్యెను. ఆయన అప్పటికి సహాయ దర్శకుడు. యుద్ధానంతరము దర్శకుడై ప్రసిద్ధి గాంచెను. ఈ దాంపత్యము కొలది కాలములోనే ముగిసినది. ఆమె మరల వివాహము చేసికొనలేదు.

3. యుద్ధకాలము

1942లో జపాను సైన్యపు ప్రచార విభాగము కొందఱు రచయిత్రులను ఆగ్నేయాసియాకు పంపెను. ఆక్రమిత ప్రాంతములను చూచి స్వదేశ పాఠకులకు వ్రాయుట వారి పని. ఆ పంపబడిన వారిలో మిజుకి యోకో యొకతె. అప్పటికే నవలాకర్త్రిగా ఖ్యాతి గడించిన హయాషి ఫుమికో మఱియొకతె.

వామపక్ష నాటకరంగమున పెరిగిన రచయిత్రి పది సంవత్సరములు తిరుగక మునుపే సైన్యము పక్షమున కలము పట్టుట ఆమె జీవితమున కప్పిపుచ్చరాని విషయము. నాటి జపానులో రచయితలు పలువు రిట్లే చేసిరి. ఇష్టపడి పోయినవారు కలరు, వెఱపుచే పోయినవారు కలరు, బ్రతుకుతెఱువుకై పోయినవారు కలరు. తరువాతి చిత్రములను చూపి, ఆమె పశ్చాత్తాపముతో వానిని వ్రాసెనని చెప్పుట ఊహయే యగును. ఒక్కటి మాత్రము నిశ్చయముగా చెప్పవచ్చును. యుద్ధమును ఆమె వార్తాపత్రికలలో చదివి తెలిసికొన్నది కాదు. సామ్రాజ్యము విస్తరించిన దూరభూములలో జపాను ఉద్యోగులు, సైనికులు, వారి వెంట వచ్చిన స్త్రీలు ఎట్లు బ్రతికిరో కన్నులార చూచినది. ఓటమి తరువాత ఆ మనుష్యులే చిరిగిన కోటులతో టోక్యో వీథులకు మరలివచ్చుటయు చూచినది. ఈ రెండు దృశ్యముల నడుమనుండియే ఆమె ఉత్తమ కృతులు పుట్టినవి.

4. చిత్రరంగ ప్రవేశము

1945 ఆగస్టులో జపాను లొంగిపోయెను. 1952 ఏప్రిల్ 28 వఱకు దేశము మిత్రరాజ్యముల ఆక్రమణలో నుండెను. 1946 ఏప్రిల్ 10వ తేదీన జరిగిన ఎన్నికలలో జపాను స్త్రీలు తొలిసారి జాతీయ స్థాయిలో ఓటు వేసిరి; 39 మంది స్త్రీలు శాసనసభకు ఎన్నికైరి. కాని చిత్రనిర్మాణశాలల ద్వారములు అంత తేలికగా తెఱచుకొనలేదు. దర్శకుడగుటకు మార్గము సహాయ దర్శకత్వము. ఆ యుద్యోగములు పట్టభద్రులైన పురుషులకే దక్కుచుండెను. 1936లోనే కథాచిత్రమునకు దర్శకత్వము వహించిన సకనె తజుకో, యుద్ధానంతరము దర్శకత్వ మబ్బక, చిత్రీకరణ వివరములు నమోదు చేయు పనికి మరలవలసి వచ్చెను. 1953లో నటి తనక కినుయొ దర్శకురాలగుట ఆమె తారాప్రతిష్ఠ వలన సాధ్యమైన విశేషము.

ఇట్టి స్థితిలో స్త్రీకి కొంత తెఱపి యున్నది రచన యొక్కటియే. చిత్రానువాదము నిర్మాణశాలలో కూర్చుండి వ్రాయునది కాదు. రచయితలు ఇంటనో, ఒక సత్రమున బసచేసియో వ్రాసి తెచ్చెడివారు. అందుచేతనే 1950 తరువాతి దశాబ్దమున జపానులో మిజుకి యోకో, తనక సుమియె, వద నత్తొ అను మువ్వురు రచయిత్రులు ప్రథమ శ్రేణి చిత్రములకు పనిచేయగలిగిరి. నాటి ఇతర దేశముల చిత్రరంగములలో ఇది అరుదు.

మిజుకిని ఈ మార్గమున నడిపినవాడు అనుభవశాలియైన చిత్రానువాదకర్త యసుమి తోషియో. ఆయనతో కలిసి 1949లో కమెయి ఫుమియో దర్శకత్వమున వచ్చిన ‘ఒన్నా నొ ఇస్షో’ (ఒక స్త్రీ జీవితము) అను చిత్రమునకు వ్రాసెను. మఱుసటి సంవత్సరము ఆయనతోనే కలిసి ఇమాయి తడాషికై ‘మతా ఆవు హి మదే’ (మరల కలియు దినము వఱకు) వ్రాసెను. దీనికి మూలము రోమా రోలా వ్రాసిన చిన్న నవల ‘పియేర్, లూస్’. గాంధీ మహాత్ముని గుఱించి, రామకృష్ణ వివేకానందుల గుఱించి గ్రంథములు రచించిన ఈ ఫ్రెంచి రచయిత మన పాఠకులకు పరిచితుడే. 1918 నాటి పారిస్ నగరపు ప్రేమకథ ఇచ్చట యుద్ధకాలపు టోక్యోకు మాఱినది. యువకుడు యుద్ధమునకు పోవలసినవాడు; యువతి బొమ్మలు గీచి బ్రతుకునది. ఇరువురును మరణింతురు. కిటికీ అద్దమునకు ఇరువైపుల నిలిచి వారు ముద్దిడుకొను దృశ్యము జపాను చిత్రచరిత్రలో ప్రసిద్ధమైనది. ‘కినెమా జుంపో’ పత్రిక 1924 నుండి విమర్శకుల అభిప్రాయములు సేకరించి ఏటేట ఉత్తమ చిత్రముల పట్టిక ప్రకటించుచు వచ్చినది. 1950 పట్టికలో ఈ చిత్రము ప్రథమ స్థానము పొందెను.

అది మొదలు పదునొకండు సంవత్సరములలో ఆమె వ్రాసిన చిత్రములు అయిదు ఆ పట్టికలో ప్రథమములైనవి. అవి 1950లో ‘మతా ఆవు హి మదే’, 1953లో ‘నిగోరియె’, 1955లో ‘ఉకిగుమొ’, 1959లో ‘కికు తో ఇసాము’, 1960లో ‘ఒతోతో’. వీనిలో మూడు ఇమాయివి, ఒకటి నరుసెది, ఒకటి ఇచికవది. 1953లో ‘నిగోరియె’ చేత ద్వితీయ స్థానమునకు నెట్టబడినది ఓజు యసుజిరో తీసిన ‘టోక్యో మొనొగతారి’. ఈనాడు ఓజు చిత్రమును ప్రపంచమంతయు కొనియాడుచున్నది. ‘నిగోరియె’ను జపాను వెలుపల చూచినవారు కొలదిమంది. విమర్శకుల తూనిక సరియైనదా కాదా యనునది వేఱు విషయము. తన కాలమున ఆమె ఎంతటి స్థానమున నిలిచియుండెనో తెలియుటకు ఇది చాలును.

5. యుద్ధమును వెనుకనుండి చూచుట

1953 జనవరిలో, ఆక్రమణ ముగిసిన కొలది నెలలకు, ‘హిమెయురి నొ తో’ (హిమెయురి స్తూపము) విడుదలయ్యెను. దర్శకుడు ఇమాయి. 1945లో ఒకినవ ద్వీపమున జరిగిన యుద్ధములో రెండు విద్యాలయములకు చెందిన బాలికలను, ఉపాధ్యాయులను సైన్యము వైద్యశాలల సేవకై తరలించెను. వారు 240 మంది; వారిలో 136 మంది మరణించిరి. ఆ విషాదమే యీ చిత్రమునకు ఇతివృత్తము. ఒకినవ అప్పటికి అమెరికా పాలనలో నుండుటచే చిత్రీకరణ ప్రధాన భూభాగముననే జరిగెను. ప్రేక్షకులు తండోపతండములుగా వచ్చిరి. అప్పులలో నున్న తోయె సంస్థను ఈ చిత్రము నిలువబెట్టెనని ప్రతీతి.

యుద్ధచిత్రమనగా సైనికుల సాహసమో, సేనాపతుల వ్యూహమో ముందునకు వచ్చుట వాడుక. మిజుకి ఆ మార్గమును వదలి, గుహలలో క్షతగాత్రుల నడుమ బాలికలు చేయు పనిని వ్రాసెను. నీళ్లు మోయుట, కట్లు కట్టుట, ఆఁకలి, నడుమ పాటలు, స్నేహములు, చిన్న చిన్న అలుకలు. మరణము ఈ దినచర్యలో దూరి వచ్చును. ఒక్క మాట చెప్పక తప్పదు. బాలికల నిర్మలత ప్రధానమగుటచే, వారిని ఆ గుహలకు నడిపిన విద్యావిధానము, సైన్యము వహింపవలసిన బాధ్యత కొంత వెనుకబడినవి. కంటనీరు పెట్టించుటలో చిత్రము బలమైనది. ప్రశ్నించుటలో అంత బలము లేదు.

1952 నాటి ‘ఒకాసాన్’ (అమ్మ) దీనికన్న చిన్న కథ, దీనికన్న గట్టి రచన. దర్శకుడు నరుసె మికియో. పాఠశాల బాలిక యొకతె తల్లిని గుఱించి వ్రాసిన వ్యాసము దీనికి మూలము. యుద్ధములో దగ్ధమైన బట్టలుతుకు దుకాణమును దంపతులు మరల తెఱతురు. పెద్ద కుమారుడు మరణించును. పిదప భర్త మరణించును. చిన్న కుమార్తెను బంధువులకు పెంపునకు ఇయ్యవలసి వచ్చును. ఈ నష్టములను రచయిత్రి ఒకదానిపై నొకటి పేర్చి రోదనము చేయింపలేదు. ఒక్కొక్క నష్టము వెంట చేయవలసిన పని వచ్చుచుండును. తల్లి ఇస్త్రీ నేర్చుకొనుచుండును, కుమార్తె చూచుచుండును. చివర ఆ తల్లి సుఖముగా నున్నదా లేదా యను ప్రశ్న కుమార్తె మనసులోనే మిగులును. సమాధానము లేదు. యుద్ధమను మాట తక్కువగా వినబడు ఈ చిత్రమున యుద్ధఫలము ప్రతి దృశ్యమునను కానవచ్చును.

6. ముగింపుల పరీక్ష

అనుసరణ రచనలో కర్తృత్వమును పట్టుకొనుటకు కథ ముగియు చోటును పరీక్షించుట మేలైన మార్గమని మా యభిప్రాయము. సంఘటనలు మూలమునుండి రావచ్చును. పాత్రలును రావచ్చును. ఎచ్చట ఆపవలెనను నిర్ణయము మాత్రము అనుసరించువారిది.

మొదటి నిదర్శనము ‘యమ నొ ఒతో’ (కొండధ్వని). కవబత యసునరి వ్రాసిన ఈ నవల పత్రికలలో ఖండములుగా వెలువడుచుండగనే చిత్రము సిద్ధమై, గ్రంథరూపమున నవల రాకమునుపే 1954 జనవరిలో విడుదలయ్యెను. మామగారి వాత్సల్యమునకు, భర్త నిర్లక్ష్యమునకు నడుమ నలిగిన కోడలు కికుకో ఇందు నాయిక. కవబత నవల ముగియునప్పుడు ఆ కుటుంబ మొకచోటనే యుండును. కోడలి భవిష్యత్తు తేలదు. చిత్రమున కికుకో భర్తను విడిచిపోవ నిశ్చయించుకొనును. ఉద్యానమున మామగారితో ఆ మాట చెప్పును. నవలలో వృద్ధుని మనసు కేంద్రము. చిత్రపు ముగింపులో కోడలి నిర్ణయము కేంద్రము.

రెండవ నిదర్శనము ‘ఉకిగుమొ’ (తేలు మేఘములు). హయాషి ఫుమికో చివరి నవలలలో నొకటి. ఆమె 1951లో మరణించెను. యుకికో యుద్ధకాలమున ఫ్రెంచి ఇండోచైనాలో టైపు పని చేయుచు, అటవీశాఖ యుద్యోగి తోమియొకను ప్రేమించినది. ఓటమి తరువాత టోక్యోకు వచ్చి అతనిని వెదకికొనును. అతడు భార్యను విడువడు, ఈమెను విడువడు, మఱియొక స్త్రీని చేరును. అడవుల నడుమ వారు బ్రతికిన వెచ్చని దినములు వేఱొక జాతి భూమిని ఆక్రమించిన సామ్రాజ్యము పెట్టిన భిక్ష. సామ్రాజ్యము కూలినది, ఆ దినముల జ్ఞాపకము మాత్రము వీరిని వదలదు. మూలకర్త్రియు, చిత్రానువాదకర్త్రియు 1942లో సైన్యము పంపగా ఆగ్నేయాసియాను చూచినవారే యనునది ఇచ్చట జ్ఞప్తికి తెచ్చుకొనదగినది. ఆ జ్ఞాపకపు తీపిని, అందలి దోషమును ఇరువురును లోననుండి ఎఱుగుదురు.

నవలలో యుకికో యకుషిమ ద్వీపమున మరణించిన పిమ్మటను కథ సాగి, తోమియొక తరువాతి బ్రతుకును కొంత చూపును. చిత్రము మరణశయ్య యొద్దనే ఆగును. తోమియొక ఆమె పెదవులకు రంగు పూసి విలపించును. అంతతో సరి. పురుషుడు తరువాత ఏమయ్యెనో మనకు చెప్పబడదు. ఆమె కథ ముగియగనే చిత్రమునకు చెప్పవలసిన దేమియు మిగులలేదని రచన సూచించుచున్నది.

మూడవ నిదర్శనము ‘ఒతోతో’ (తమ్ముడు). కోద అయ నవలకు 1960లో ఇచికవ కోన్ దర్శకత్వమున వచ్చిన రూపము. క్షయరోగముతో తమ్ముడు మరణింపగా అక్క సొమ్మసిల్లి పడును. కొంతసేపటికి లేచి, పనిగుడ్డ కట్టుకొని, గది వెలుపలికి నడచును. చిత్ర మంతటితో ముగియును. దుఃఖమునకు ఆమెకు లభించిన తీఱిక అంతే.

ఈ మూడు చిత్రముల మూలకర్తలు మువ్వురు, దర్శకు లిరువురు. ముగింపులలోని మొగ్గు మాత్రము ఒక్కటే. విపత్తు గడచిన తరువాత దానిని భరించిన స్త్రీ యొద్ద కథ నిలుచును.

7. స్వతంత్ర ఇతివృత్తములు

అనుసరణలకన్న స్వతంత్ర రచనలలో ఆమె దృష్టి మఱింత స్పష్టము. 1957లో ఇమాయికై వ్రాసిన ‘జున్ ఆయి మొనొగతారి’ (నిర్మల ప్రేమకథ) నాయిక అణుబాంబు వికిరణము వలన రోగపీడితురాలు. ఆమెను ప్రేమించిన యువకుడు దిక్కులేక నేరములకు దిగినవాడు. 1958 బెర్లిన్ చిత్రోత్సవమున ఇమాయికి ఉత్తమ దర్శకుడను బహుమానము దీనికే లభించెను. 1961 నాటి ‘అరె గ మినాతొ నొ హి ద’ (అదిగో రేవు దీపము) జపాను, కొరియాల నడుమ చేపల వేటకై తలెత్తిన తగవునకు సంబంధించినది. ఆ సముద్రమున ఎవరివాడును కాక నలిగిపోవు కొరియా సంతతి నావికుడు అందలి నాయకుడు. 1962 నాటి ‘నిప్పొన్ నొ ఒబాచాన్’ (జపాను అవ్వ) ఇంట చోటు లేని వృద్ధ స్త్రీలను గుఱించినది.

వీనిలో శిరోమణి 1959 నాటి ‘కికు తో ఇసాము’. అక్క కికు, తమ్ముడు ఇసాము. వారి తండ్రులు జపానును ఆక్రమించిన సేనలోని నల్లజాతి అమెరికను సైనికులు. తల్లి జపాను స్త్రీ, మరణించినది. ఈశాన్య ప్రాంతపు కొండపల్లెలో అమ్మమ్మ వారిని పెంచుచుండును. ఆమె కూరగాయలు మోసి అమ్ముకొను నిరుపేద. తాను పోయిన పిమ్మట వీరి గతి యేమను చింత ఆమెను వేధించును. ఇసామును అమెరికాకు పెంపునకు పంపుదురు. కికు మాత్రము పల్లెలోనే యుండును. పెద్దదగుకొలది చూపులు, ఎగతాళి భరింపరానివగును. ఉరి పోసికొనబోవును; త్రాడు తెగిపోవును.

ఇట్టి కథను జాలి పుట్టించుటకై వ్రాయుట సులభము. మిజుకి కికును జాలికి పాత్రము చేయలేదు. ఆ బాలిక బలిష్ఠురాలు, తిండిపోతు, కోపిష్ఠి, గట్టిగా నవ్వునది. ఆమె మాట్లాడునది అచ్చమైన పల్లెయాస. ఆ పల్లెలో ఆమెకన్న పల్లెపిల్ల లేదు. చూచువారి కన్నులకు మాత్రమే ఆమె పరాయిది. ఈ వైరుధ్యమును ఉపన్యాసము లేకుండ, బాలిక నోటి యాసచేతనే చూపుట రచయిత్రి ప్రజ్ఞ. చివర అమ్మమ్మ ఆమెను ఎక్కడికిని పంపదలచదు. సేద్యము నేర్ప నిశ్చయించును. జపానీయత యనగా రక్తమా, మాటయా, పనియా యను ప్రశ్నకు చిత్రము పొలమున సమాధానము చెప్పినది.

8. పూర్వపక్షములు

ఇంతవఱకు చెప్పినదానికి రెండు ఆక్షేపణలు రావచ్చును.

మొదటిది: ఆమె కృతులలో పెక్కు పరుల కథలకు అనుసరణలు గదా, స్వతంత్ర ప్రతిభ యెక్కడ? తెలుగువారు ఈ యాక్షేపణ చేయరాదు. వ్యాసుని కథ యగుటచే భారతము కవిత్రయమునది కాదని మన మనుకొనలేదు. తిక్కన విరాటపర్వమున కీచకవధను నడిపిన తీరు తిక్కనదే. మూలమును కుదించుట, పెంచుట, ఆపుట, పాత్రకు తగిన పలుకు పలికించుట ఇవి కవికర్మలోనివే. చిత్రానువాదమను మన మాటలోనే అనువాదము కలదు. ‘నిగోరియె’లో మిజుకి, ఇదె తోషిరోతో కలిసి, హిగుచి ఇచియో వ్రాసిన మూడు కథలను ఒక చిత్రముగా కూర్చెను. ఇచియో 24వ యేట, 1896లో మరణించిన రచయిత్రి. భర్త క్రూరుడైనను పుట్టింటివారు తిరుగబంపిన భార్య, మేనమామకై రెండు యెన్నులు దొంగిలించిన పనిపిల్ల, పాత విటుని చేత హతమైన వేశ్య, ఈ మువ్వురు మూడు కథలలోనివారు. పక్కపక్కన నిలిచినపుడు ముగ్గురి దుఃఖమునకును మూలము డబ్బు, ఆశ్రయము అని తేటపడును. ఆ తేటదనము కూర్పునుండి వచ్చినది.

రెండవది: చిత్రము దర్శకుని సృష్టి, రచన ముడిసరకు. ఇందు కొంత నిజము కలదు. నరుసె తన చేతికి వచ్చిన వ్రాతప్రతులనుండి సంభాషణలను నిర్దయగా తొలగించెడివాడని ప్రసిద్ధి. కావున తెఱపై నున్న మౌనమంతయు మిజుకిదని మేము చెప్పము. అద్దపు చాటు ముద్దు అందగించుటకు ఛాయాగ్రహణము, నటన ఎంత కారణమో రచన అంతే కారణము. అయినను ఒక పరీక్ష కలదు. అదే దర్శకుడు వేఱొక రచయితతో పనిచేసినప్పుడు ఏమగునో చూడవలెను. ఇమాయి 1956లో హషిమొతో షినొబు రచనతో ‘మహిరు నొ అంకొకు’ (పట్టపగటి చీకటి) తీసెను. అది నిర్దోషులపై మోపబడిన హత్యానేరమును గుఱించినది. సాక్ష్యములను వాదమున చీల్చి చూపునది. ఆ చిత్రపు బలము తర్కము. మిజుకితో తీసిన చిత్రముల బలము దినచర్య. నరుసె 1954లో తనక సుమియె, ఇదె తోషిరోల రచనతో ‘బంగికు’ తీసెను. పూర్వము గెయిషాలైన స్త్రీల డబ్బు లెక్కలు, ఎత్తిపొడుపులు అందు ప్రధానము. తనక సుమియె కలము చురుకైనది, వ్యంగ్యము కలది. మిజుకి కలము నిదానమైనది, పాత్రను తీర్పునకు నిలువబెట్టనిది. తోమియొకవంటి దుర్బలుని సైతము ఆమె దుష్టునిగా చేయలేదు. అతని దుర్బలత యెంతటిదో ఇతరులు మోయు బరువుచేత కొలిచినది.

దర్శకుడు మాఱినను నిలుచునది, రచయిత మాఱగానే మాఱునది రచయితదే యగును. ఇది మా సిద్ధాంతము.

9. కడపటి దినములు, ఉపసంహారము

1958లో జపానులో చలనచిత్ర ప్రేక్షకుల సంఖ్య 112 కోట్లు దాటి శిఖరము నందినది. 1960లో 547 చిత్రములు నిర్మింపబడినవి. పిదప టెలివిజన్ వ్యాపించుటతో పతనము వేగముగా వచ్చెను. గృహజీవితమును నిదానముగా చెప్పు చిత్రములకు పెట్టుబడి కఱవయ్యెను. కొబయాషి మసాకికై మిజుకి వ్రాసిన ‘క్వైదాన్’ 1964 చివర వచ్చినది. లఫ్కాడియో హెర్న్ సేకరించిన దయ్యపు కథలు నాలుగు అందు కలవు. 1965లో కాన్ చిత్రోత్సవమున న్యాయనిర్ణేతల ప్రత్యేక బహుమానము పొందెను. ప్రపంచమున మిక్కిలి తెలిసిన ఆమె చిత్రములలో ఇదియొకటి యైనను, ఆమె స్వభావమునకు సన్నిహితమైనది కాదు. అయినను మొదటి కథలో, పదవికై భార్యను విడిచిపోయి యేండ్ల తరువాత తిరిగివచ్చిన భర్తయందు తోమియొక ఛాయ కొంత కనబడును.

తరువాత ఆమె టెలివిజన్‌కు నాటకములు వ్రాసెను. 1981లో ప్రభుత్వము ఊదారంగు పతకముతో గౌరవించెను. యుద్ధానంతరము టోక్యోకు పొరుగుననున్న చిబ మండలములోని ఇచికవ పట్టణమున తల్లితో స్థిరపడిన ఆమె కడవఱకు అచ్చటనే నివసించెను. 2003 ఏప్రిల్ 8వ తేదీన, 92వ యేట, మరణించెను. సంతానము లేదు. ఇల్లు, వ్రాతప్రతులు, పుస్తకములు ఇచికవ నగరమునకు చెందునట్లు ఏర్పాటు చేసియుండెను. నగరమువారు ఆ ఇంటిని భద్రపఱచి ప్రజల దర్శనార్థము తెఱచిరి.

జపానులో చిత్రానువాదములను పత్రికలలోను, వార్షిక సంకలనములలోను ముద్రించు ఆచార మున్నది; చదువరులు వానిని నాటకములవలె చదువుదురు. మిజుకి రచన నిలుచుట కది తోడ్పడినది. మనకు వెండితెఱ నవలలు కొన్ని వచ్చినవి. అవి చిత్రమును చూచినవారికి కథను మరల చెప్పునవి. చిత్రానువాదమును ఉన్నదున్నట్లు ముద్రించి, సాహిత్యముగా పరిశీలించు పని మన విశ్వవిద్యాలయములలో ఇంకను విస్తరింపవలసి యున్నది. వ్రాతప్రతి నశించినచో ఆ రచయిత కర్తృత్వమును నిరూపించుటకు ఆధారమే మిగులదు. మిజుకి యోకో విషయమున ఆ ఆధారము దక్కినది, ఎందుకనగా తన కాగితములకు విలువ కలదని ఆమె తానే యెఱిగి, దాచి, ఒక నగరమునకు అప్పగించినది. అట్లు దాచుకొనుటకు ఇల్లు, తీఱిక, నమ్మకము లేని రచయిత్రులు ఏ దేశమునందైనను పలువు రుందురు. వారి కాగితములను వెదకి భద్రపఱచుట పరిశోధకుల ప్రథమ కర్తవ్యము.